వహాకాలో ఒక శుక్రవారం: చేతిపనుల ఊళ్ళు ఏ వరసలో చూడాలి, గైడుని ఏం అడగాలి, ఏం చూసి కొనాలి

మీ ప్రశ్న క్లుప్తంగా ఇదీ: డాలస్ నుంచి అమ్మానాన్నలతో కలిసి నలుగురు మెక్సికోలోని వహాకా వెళ్తున్నారు. శుక్రవారం చేతిపనుల ఊళ్ళకి, శనివారం మోంతె అల్బాన్ శిథిలాలకి, ఆదివారం సాయంత్రం తిరుగు విమానం. హోటల్లో చూపించిన గైడెడ్ టూర్‌లో తూలే చెట్టు, తెయోతిత్లాన్ నేతపని, మిత్లా శిథిలాలు, మెస్కాల్ అనే స్థానిక సారా బట్టీ, ఇయెర్వె ఎల్ ఆగ్వా కొండ అన్నీ ఒకే రోజున ఉన్నాయి. అది తీసుకోవచ్చా? పెద్దవాళ్ళకి శాకాహారం దొరుకుతుందా? కొన్నది అసలైనదో కాదో ఎలా తెలుస్తుంది?

చేతిపనుల కోసమే వెళ్తున్నట్లయితే ఆ టూర్ తీసుకోకండి. లెక్క చూడండి. ఇయెర్వె ఎల్ ఆగ్వా నగరానికి 70 కిలోమీటర్ల దూరం, చివర్లో కొండ దారి. రానూపోనూ, మధ్యలో పక్కదారులతో కలిపి మూడున్నర నాలుగు గంటలు వ్యానులోనే పోతాయి. భోజనానికి ఒక గంట తీసేస్తే, పది గంటల టూర్‌లో ఐదు చోట్లకి కలిపి మిగిలేది ఐదు గంటలు. నేతపని ఊరికి దక్కేది నలభై నిమిషాలు, అందులో సగం అమ్మకానికే. రంగు ఎలా వస్తుందో ఐదు నిమిషాలు చూపించి కొట్లోకి తీసుకెళ్తారు. గైడుకి మనం డబ్బిచ్చేది పనిచేసే మనిషి పక్కన కూర్చుని, ఆ పని ఎందుకలా చేస్తున్నారో అడిగి తెలుసుకునే సమయం కోసం. ఊళ్ళ సంఖ్య పెరిగేకొద్దీ తగ్గేది సరిగ్గా ఆ సమయమే.

వహాకా నగరం మూడు లోయలు కలిసేచోట, సుమారు 1,550 మీటర్ల ఎత్తులో ఉంది (బెంగళూరుకంటే ఎక్కువ, ఊటీకంటే తక్కువ. ఆయాసం రాదు గానీ ఎండ చురుక్కుమంటుంది, పెద్దవాళ్ళకి టోపీలు పెట్టండి). తూర్పున త్లాకోలులా లోయ, వాయవ్యాన ఎత్లా, దక్షిణాన ఓకోత్లాన్. ఒక్కో ఊరికి ఒక్కో సంత రోజు: ఎత్లాలో బుధవారం, సాచిలాలో గురువారం, ఓకోత్లాన్‌లో శుక్రవారం, త్లాకోలులాలో ఆదివారం. మీకున్నది శుక్రవారం కాబట్టి దక్షిణ దారి పట్టండి. 175 నంబరు రోడ్డు మీద నగరం నుంచి సుమారు 12 కిలోమీటర్లలో సాన్ బార్తోలో కొయోతెపెక్ (నల్లమట్టి కుండలు), 25 ప్రాంతంలో సాన్ మార్తిన్ తిల్కహేతె (చెక్కబొమ్మలు), దానికి దగ్గర్లో సాంతో తొమాస్ హలియెసా (నడుము మగ్గం నేత), 32 దగ్గర ఓకోత్లాన్. మొత్తం దారి చిన్నది, కొండ మలుపులు లేవు. నలుగురికి డ్రైవరు, గైడు ఉన్న సొంత కారు మాట్లాడుకుంటే వ్యాన్ టూర్‌కంటే కొంత ఎక్కువవుతుంది, కానీ రోజు మీ చేతిలో ఉంటుంది.

వరస తిప్పి వెళ్ళండి. చాలా టూర్లు దగ్గరి ఊరితో మొదలుపెట్టి ఓకోత్లాన్‌లో ముగిస్తాయి. దానివల్ల రెండు నష్టాలు. ఒకటి, ఎండ మాడ్చే వేళకి, జనం కిక్కిరిసిన వేళకి సంతలో పడతారు. రెండు, పొద్దున్నే కొన్న నల్లమట్టి కుండ రోజంతా కారు డిక్కీలో తిరుగుతుంది. ఆ రోడ్ల మీద ప్రతి ఊరి మొదట్లో, చివర్లో తోపెస్ అనే స్పీడ్ బ్రేకర్లుంటాయి, కొన్నింటికి బోర్డు కూడా ఉండదు. ఎనిమిదిన్నరకి బయల్దేరి నేరుగా ఓకోత్లాన్ చేరండి, పదకొండున్నరకి హలియెసా, పన్నెండున్నరకి తిల్కహేతె, అక్కడే భోజనం, మూడున్నరకి సాన్ బార్తోలో. ఆలస్యమైనా నగరానికి అరగంట దూరంలోనే ఉంటారు.

ఓకోత్లాన్ సంత మన వారపు సంతలాంటిదే: ఎండుమిరపకాయలు, పూలు, కోళ్ళు, నాగళ్ళు, బుట్టలు. పర్యాటకుల కోసం పెట్టింది కాదు, అందుకే చూడాలి. ఊళ్ళో పాత మఠాన్ని, చర్చిని బాగుచేయించింది అక్కడే పుట్టిన చిత్రకారుడు రొదోల్ఫో మొరాలెస్ (1925–2001). అగిలార్ అక్కచెల్లెళ్ళ రంగుల మట్టిబొమ్మల ఇళ్ళు కూడా ఇక్కడివే. బట్టల మీద మోజు ఉన్నవాళ్ళు పక్కనే ఉన్న సాన్ అంతోనినో కాస్తియో వెలాస్కో గురించి గైడుని అడగాలి. అక్కడి పూల ఎంబ్రాయిడరీ రవికెల్లో కుచ్చుల దగ్గర చిన్న చిన్న మనుషుల బొమ్మలు వరసగా కుడతారు. ఆ కుట్టు పేరు ‘ఆస్‌మె సి పుయెదెస్’, అంటే ‘చేతనైతే నన్ను కుట్టు’. అది చేతికుట్టో మిషన్ కుట్టో తెలియాలంటే బట్ట తిరగేయండి. చేతికుట్టులో వెనకవైపు దారం ముడులు, దూకుళ్ళు సమానంగా ఉండవు. మిషన్ కుట్టుకి వెనకాల ఒకే రంగు కిందిదారం వరసగా కనిపిస్తుంది.

హలియెసాలో ముప్పావుగంట చాలు. ఊరి మధ్యనున్న చిన్న బజారులో ఆడవాళ్ళు మగ్గం ఒక కొసని గుంజకి కట్టి, రెండో కొసని పట్టీతో నడుముకి తగిలించుకుని నేస్తారు. పడుగు ఎంత బిగువుగా ఉండాలో ఒంటితోనే ముందుకీ వెనక్కీ వంగి సర్దుతారు. బట్ట వెడల్పు చేతులు చాచగలిగినంతే, అందుకే నడికట్లు, సంచులు, టేబుల్ పట్టీలు ఎక్కువ. సూట్‌కేసులో నలగకుండా, పగలకుండా వచ్చే బహుమతులు కావాలంటే ఈ ప్రయాణంలో ఇదే సరైన చోటు.

తిల్కహేతెకి కనీసం గంటన్నర ఇవ్వండి. చిత్రమైన రంగుల జంతుబొమ్మల్ని అలెబ్రిహేలంటారు. ఆ పేరు మెక్సికో నగరంలో కాగితపు గుజ్జుతో బొమ్మలు చేసిన పెద్రో లినారెస్ (1906–1992) దగ్గర్నుంచి వచ్చింది. వహాకాలో చెక్కతో చేసే పద్ధతికి ఆద్యుడు అర్రసోలా ఊరి మనువెల్ హిమెనెస్ (1919–2005). తిల్కహేతెలో హకోబో, మరియా ఆంహెలెస్‌ల పెద్ద కర్మశాలలో పని దశలవారీగా చూపిస్తారు. కానీ అక్కడితో ఆగొద్దు. పక్క వీధుల్లో ఇంటి వరండాలో పనిచేసే కుటుంబం ఒకటైనా చూపించమని గైడుకి ముందే చెప్పండి.

చెక్క పేరు కోపాల్. ఆ జాతి చెట్ల జిగురునే అక్కడివాళ్ళు మనం సాంబ్రాణి వేసినట్టు పూజల్లో వేస్తారు. కొండపల్లి తెల్ల పొణికిలాగే తేలికైన, మెత్తని చెక్క. పచ్చిగా ఉన్నప్పుడే కత్తితో, ఉలితో చెక్కుతారు, ఎండాక గట్టిపడి మాట వినదు. చిక్కంతా ఇక్కడే ఉంది: పచ్చిగా చెక్కింది ఎండుతూ బీటలిస్తుంది. చిన్న బొమ్మకి వారాలు, పెద్దవాటికి నెలలు ఎండే సమయం కావాలి. మంచి పనివాళ్ళు బీటల్లోకి చెక్కముక్కలు దిగ్గొట్టి, రంపపు పొట్టు, జిగురు కలిపిన ముద్దతో పూడ్చి, మళ్ళీ నున్నగా రుద్ది అప్పుడు రంగు వేస్తారు. మన కొండపల్లివాళ్ళు వాడే మక్కులాంటిదే ఆ ముద్ద, అక్కడ చింతగింజ పిండి ఉండదు, అంతే. తొందరపడి అమ్మినవాటిలో చెక్క పూర్తిగా ఎండదు. ఏసీ, హీటరు ఉన్న డాలస్ ఇంట్లో రెండు నెలలకి రంగు మీదుగా బీట వస్తుంది. కాబట్టి చేతిలోకి తీసుకుని బరువు చూడండి. అదే సైజు బొమ్మల మధ్య ఒకటి మరీ బరువుగా ఉంటే అది ఇంకా తడిగానో, చాలా ముళ్ళున్న చెక్కగానో ఉంటుంది.

రెండో సమస్య పురుగు. బొమ్మని బోర్లించి అడుగుభాగం, చెవుల సందులు చూడండి. గుండుసూది మొనంత రంధ్రాలుండి, వాటి దగ్గర తాజా పొడి రాలుతుంటే లోపల పురుగు బతికే ఉంది. కొన్నాక అనుమానం వస్తే గాలి చొరబడని సంచిలో కట్టి రెండు వారాలు డీప్ ఫ్రీజర్‌లో ఉంచండి, బయటికి తీశాక సంచి విప్పకుండా గది వేడికి రానివ్వండి. విప్పితే చల్లని చెక్క మీద నీటి చెమ్మ పట్టి రంగు పాడవుతుంది. బెరడు ఉన్న ముక్కలు కొనకండి, అమెరికా కస్టమ్స్‌లో ఆపేస్తారు.

ఇక వెల. పెద్ద సైజు అంటే పెద్ద వెల అనుకోవద్దు. బొమ్మ చెక్కడానికి రోజులు పడితే, రంగు వేయడానికి వారాలు పడుతుంది. పొట్ట కింద, చెవి లోపల, కాళ్ళ మధ్య కూడా పైన ఉన్నంత సన్నటి గీత ఉంటే అది మంచి చేయి. కనిపించేచోట చుక్కలు, కనిపించనిచోట ఒట్టి రంగు పూత ఉంటే అది సంత సరుకు, సంత ధరకే తీసుకోండి. తోక, కొమ్ములు, రెక్కలు చాలావరకు ఊడదీయగలిగేవే. విడదీసేముందు ఏది ఏ రంధ్రంలోదో ఫోనులో ఫోటో తీసుకోండి, ఇంటికొచ్చాక రెండు చెవులూ తారుమారైతే బలవంతాన దూర్చి విరగ్గొడతారు.

సాన్ బార్తోలోలో చూడాల్సిన సంగతి ఒకటుంది. అక్కడ కుమ్మరి సారె లేదు. ఒక పళ్ళెం బోర్లించి, దాని మీద మరో పళ్ళెం పెట్టి, చేత్తో తిప్పుతూ కుండ చేస్తారు. ఆ మట్టి మామూలుగా బూడిద రంగు. నలుపు రంగు పూత కాదు, ఆవంలో పుడుతుంది: కాలే సమయంలో మూతి మూసేసి గాలి అందకుండా చేస్తే, మట్టిలోని ఇనుము ఆక్సిజన్ కోల్పోయి, పొగలోని కార్బన్ పట్టి నల్లబడుతుంది. అద్దంలాంటి మెరుపు మాత్రం 1950ల ప్రాంతంలో దొన్యా రోసా రెయాల్ (1900–1980) తెచ్చిన పద్ధతి. కుండ పూర్తిగా ఆరకముందే క్వార్ట్జ్ రాయితో రుద్ది, కాస్త తక్కువ వేడిలో కాలుస్తారు.

కొనేవాళ్ళు తెలుసుకోవాల్సింది దీని వెనకున్న కారణం. వేడి ఎక్కువైతే మెరుపు పోతుంది, తక్కువైతే మట్టి గట్టిపడదు. అందుకే మెరిసే కుండలో నీళ్ళు నిలవవు, పువ్వులు పెట్టి నీళ్ళు పోస్తే అడుగు చెమ్మగిల్లి మెరుపు చెడుతుంది. మెరుపు లేని బూడిద రంగు కుండలు ఎక్కువ వేడిలో కాలినవి, వేలితో కొడితే గంటలా మోగుతాయి, పాతకాలంలో మెస్కాల్ మోయడానికి వాడినవి అవే. మంచినీళ్ళకి కావాలంటే అది అడగండి, అలంకారానికైతే మెరిసేది. జల్లెడలా చిల్లులు చెక్కిన దీపాల కుండలు చూడ్డానికి ఎంతో బాగుంటాయి, విమానంలో విరిగేవి కూడా అవే. తీసుకుంటే చేతి సామానులోనే, లోపల మెత్తటి బట్ట నింపి, చుట్టూ మూడు వేళ్ళ మందం పొరతో పెట్టండి. లోపల ఖాళీ వదిలి పైన మాత్రమే చుడితే సన్నటి అంచులు లోపలికి విరుగుతాయి. శుభ్రం చేయడానికి పొడిబట్ట చాలు, సబ్బు వద్దు.

తెయోతిత్లాన్ తివాచీలు వదులుకోవాలనిపించకపోతే ఆదివారం పొద్దున టాక్సీ మాట్లాడుకోండి. దారిలో తూలే చెట్టు, ఆ రోజే త్లాకోలులా సంత, ఒంటిగంటకల్లా నగరానికి తిరిగి రావచ్చు. అక్కడివి కుచ్చు తివాచీలు కావు, మన వరంగల్ జంపఖానాల్లా చదునుగా, రెండువైపులా ఒకేలా ఉంటాయి. ఉన్ని పేక పడుగుని పూర్తిగా కప్పేస్తుంది. మిత్లా గోడల మీది మెట్ల గీతలే వాటి ప్రధాన నమూనా.

రంగు ప్రదర్శనలో నాగజెముడు మీద పెరిగే కోచినీల్ పురుగుని అరచేతిలో నలుపుతారు. ఎర్రగా వస్తుంది, నిమ్మరసం చుక్క వేస్తే నారింజ, సోడా లేదా సున్నం కలిపితే ఊదా. పటికతో ఉన్నికి రంగు పట్టిస్తారు, మన కలంకారీలో పటిక చేసే పనే. ఒక పౌను ఎండు పురుగుకి దాదాపు 70,000 పురుగులు కావాలి. అమ్మానాన్నలు జీవహింస విషయంలో పట్టింపు ఉన్నవాళ్ళయితే ఈ సంగతి ముందే చెప్పండి, నీలిమందు నీలం, పెరికోన్ పువ్వు పసుపు, గొర్రె సహజ రంగుల తెలుపు, గోధుమ, నలుపులతో నేసినవీ ఉంటాయి.

ప్రదర్శన నిజమే. అయితే వెనక గోడకి వేలాడే తివాచీలన్నీ ఆ రంగులవి కావు, చాలావాటికి రసాయన రంగే. అదేం మోసం కాదు, రసాయన రంగుదాన్ని సహజ రంగు ధరకి అమ్మితేనే మోసం. కంటితో తేడా పట్టడం కష్టం. తడి తెల్లబట్టతో రుద్దితే రంగు అంటడం సరిగ్గా పట్టించలేదనడానికే గుర్తు, సహజమా కాదా అన్నదానికి కాదు. కాబట్టి ‘ఇందులో ఏ రంగు దేనితో వచ్చింది’ అని ఒక్కో రంగు చూపించి అడగండి. పని తెలిసిన నేతగాడు ‘ఈ ఎరుపు కోచినీల్, ఈ పచ్చ అనిలీన్ (రసాయన రంగు)’ అని విడదీసి చెప్తాడు. అన్నీ సహజమేనని ఒక్కమాటలో తేల్చేచోట అనుమానించండి. చెప్పినమాటే రశీదు మీద రాయించుకోండి. ఉన్నిలో అక్రిలిక్ కలిసిందా తెలియాలంటే వదులు పోగొకటి అడిగి కాల్చి చూడండి: ఉన్ని వెంట్రుక కాలిన వాసనతో బూడిదవుతుంది, అక్రిలిక్ కరిగి గట్టి పూసలా మిగులుతుంది. నేత బిగువుకి వేలితో నొక్కి చూడండి, పడుగు పోగు బయటపడితే పేక వదులుగా కొట్టారు. నేల మీద పరచండి, సగానికి మడిచినప్పుడు అంచులు కలవాలి.

గైడు విషయం. మెక్సికోలో అధికారిక గైడుకి పర్యాటక మంత్రిత్వశాఖ ఇచ్చే ఫోటో గుర్తింపు కార్డు ఉంటుంది, చూపించమని అడగడం తప్పు కాదు. డబ్బు కట్టేముందు వాట్సాప్‌లో ఇవి రాతపూర్వకంగా తెలుసుకోండి: ఏ కర్మశాలలు, ఒక్కోచోట ఎన్ని నిమిషాలు, భోజనం ఎక్కడ, మీరు చెప్పిన ఇంటికి తీసుకెళ్తారా, అమ్మకం మీద కమిషన్ ఉందా. కమిషన్ అక్కడ మామూలే. ఉందని ఒప్పుకునే గైడుతో పని సులువు: ‘మీ రోజు కూలీకి కాస్త ఎక్కువిస్తాం, కమిషన్ లేని ఇళ్ళు చూపించండి’ అని మాట్లాడుకోవచ్చు. దాటవేసే గైడుని వదిలేయండి. ఫోటోకి ముందు ‘పుయెదో తొమార్ ఉనా ఫోతో?’ అని అడగమని అందరికీ చెప్పండి.

కర్మశాలలో బేరం ఆడకండి. మూడు నాలుగు కలిపి నగదుకి కొంటూ, ‘మొత్తానికి ఎంతకిస్తారు’ అని ఒక్కసారి అడగడం మర్యాదే, అంతకుమించి లాగితే చెక్కేవాడి రోజు కూలీని లాగినట్టు. సంతలో కొంచెం బేరం నడుస్తుంది. 50, 100, 200 పెసోల నోట్లు దగ్గరుంచుకోండి, 500 నోటుకి చిల్లర దొరకదు. ఏటీఎం ‘డాలర్లలోకి మార్చి తీయాలా’ అని అడిగితే వద్దనండి, వాళ్ళ మారకం రేటు ఎప్పుడూ మీ బ్యాంకు రేటుకంటే నష్టమే. అమెరికాలో ఉండేవాళ్ళు వ్యక్తిగత సామానుగా తలకి 800 డాలర్ల వరకు సుంకం లేకుండా తీసుకెళ్ళొచ్చు, అందుకని రశీదులు దాచుకోండి.

భోజనం పెద్ద సమస్య కాదు, కానీ ‘మాంసం వద్దు’ అంటే సరిపోదు. చిక్కుడు గింజల ముద్దని తరచుగా పంది కొవ్వుతో వేయిస్తారు, త్లయూదా అనే పెద్ద మొక్కజొన్న రొట్టె మీద ఆసియెంతో అనే పంది కొవ్వు పూస్తారు, అన్నాన్నీ, మోలే అనే మసాలా గుజ్జునీ కోడి రసంతో వండుతారు. ‘సిన్ కార్నె, సిన్ మాంతెకా, సిన్ ఆసియెంతో, సిన్ కాల్దో దె పోయో’ అని నాలుగూ చెప్పాలి. కాగితం మీద స్పానిష్‌లో రాయించుకుని చూపిస్తే ఇంకా మేలు. నిశ్చింతగా తినగలిగేవి: గుమ్మడిపువ్వు, కెసీయో చీజ్ పెట్టిన రొట్టెలు, అవకాడో, పళ్ళు. మొక్కజొన్న, కోకోతో చేసే తెహాతె చల్లగా ఉంటుంది, అయితే ఐసు, నీళ్ళు శుద్ధమైనవేనా అని గైడుని అడిగాకే పెద్దవాళ్ళకివ్వండి. ఎర్రటి పొడిలా కనిపించే ఉప్పు తినేముందు అడగండి, పురుగుల ఉప్పు కావచ్చు. బుట్టల్లో ఎర్రగా వేయించి అమ్మేవి మిడతలు.

వీసా సంగతి మీరు అడగలేదు గానీ, విమానాశ్రయంలో ఎక్కువమంది మనవాళ్ళు చిక్కుకునేది దాని దగ్గరే. భారత పాస్‌పోర్టులో చెల్లుబాటులో ఉన్న అమెరికా వీసా స్టాంపు గానీ, గ్రీన్ కార్డు గానీ ఉంటే మెక్సికో వీసా అక్కర్లేదు. స్టాంపు గడువు ముగిసి, ఐ-797 కాగితం (అమెరికా ఇమిగ్రేషన్ శాఖ ఇచ్చే ఆమోద పత్రం) మాత్రమే ఉంటే అది చాలదు, మెక్సికన్ కాన్సులేట్‌లో వీసా తీసుకోవాలి.

చివరగా, ప్రత్యామ్నాయం ఒకటి సిద్ధంగా పెట్టుకోండి. వహాకాలో నిరసనకారులు రోడ్డుకి అడ్డంగా వాహనాలు నిలిపి దారి మూసేయడం తరచుగా జరుగుతుంది, బ్లొకెయో అంటారు. స్థానిక గైడుకి పొద్దున్నే కబురు అందుతుంది, అందుకే బయల్దేరేముందు ‘ఆయ్ బ్లొకెయోస్?’ అని అడగండి. దక్షిణ రోడ్డు మూసుకుంటే పడమరవైపు వెళ్ళండి: చెక్కబొమ్మలకి అర్రసోలా, కుండలకి సాంతా మరియా ఆత్సోంపా, రెండూ మోంతె అల్బాన్ కొండ చుట్టుపక్కలవే. ఆత్సోంపా పచ్చటి మెరుపు గిన్నెలు అమ్మకి తప్పకుండా నచ్చుతాయి. కానీ ఆ మెరుపు సంప్రదాయంగా సీసంతో వచ్చేది, పులుపు తగిలితే సీసం కూరలోకి దిగుతుంది. మన చింతపండు పులుసు, చారు, పెరుగు, ఊరగాయ ఏవీ అందులో వండకూడదు, నిలవ ఉంచకూడదు. ‘సిన్ ప్లోమో’ (సీసం లేనిది) అని అడగండి. సీసం లేదని చూపించలేకపోతే ఆ గిన్నె గోడ మీదకో, షోకేసులోకో కొనండి, పొయ్యి మీదకి కాదు.